పుడ్డింగ్ పొంగిన ఆదివారం

ఫిబ్రవరి 6, గురువారం

రూబెన్ అన్నయ్య ఇవాళ పుస్తకం పట్టుకొచ్చాడు. లైబ్రరీ వ్యాన్ రెండు వారాలకోసారి కింద వంతెన దగ్గర ఆగుతుంది. అది ఈ లోయలో తిరగడం మొదలై ఎన్నేళ్లయిందో, అన్నయ్య ఏనాడూ దాని వంక చూసిన పాపాన పోలేదు. గొర్రెల సంత ధరలు తప్ప తను చదివేదేమీ లేదు. ఇంతకీ పుస్తకం తేనెటీగల పెంపకం మీద. మాకు తేనెటీగలు లేవు. ఈ కొండ మీది గాలికి అవి బతకవు కూడా.

ఎందుకని అడిగితే, చదువుదామని, అన్నాడు.

ఫిబ్రవరి 9, ఆదివారం

మంచు. మాంసం గ్రేవీతో తినే మా ఆదివారం పుడ్డింగ్ ఇవాళ ట్రే అంచు దాటి పొంగింది. అన్నయ్య మళ్లీ మళ్లీ వేయించుకుని తిన్నాడు. పుస్తకం కిటికీ దగ్గర పెట్టిన చోటే ఉంది.

ఫిబ్రవరి 20, గురువారం

తేనెటీగలు వెళ్లాయి. వాటి బదులు పసిపిల్లలకు ఉన్ని చొక్కాలు అల్లడం నేర్పే పుస్తకం వచ్చింది. దాని అట్ట కూడా చూసుకోలేదనుకుంటాను. వంతెన దగ్గరికి వెళ్లే ముందు జుట్టు తడిచేసి దువ్వుకున్నాడు. బయట చెవులు తెగిపోయే గాలి.

ఫిబ్రవరి 22, శనివారం

కింది పొలం హానా కల్వర్ట్ వచ్చింది, గుడ్లు కావాలని. ఆవిడ కోళ్లు పెట్టడం మానేశాయట. ఆవిడ నోరు మాత్రం ఏమీ మానలేదు. వ్యాన్ నడిపేది ఫ్రీడా అనే ఆవిడట. భర్త పోయాడట. అన్నిటికంటే ఘోరం, మన యార్క్‌షైర్ మనిషి కాదు, కొండల అవతలి లాంకషైర్ మనిషి. మా అన్నయ్య వ్యాన్ మెట్టు మీద కూర్చుని ఆవిడతో టీ తాగుతుంటే చూశానని చెప్పింది.

వెళ్తూ వెళ్తూ గుమ్మంలో ఆగి, "ఇన్నాళ్లూ ఈ ఇంటికి నువ్వే కోడలివి ఎడ్విన్. ఇప్పుడు తోడికోడలు దిగుతుందేమో, కాస్త చూసుకో" అంది.

నవ్వాను. లోయ అంతా నన్ను అలాగే అంటారు, కొత్తేమీ కాదు. చిన్నప్పుడు గడ్డి అటక మీదనుంచి పడి కాలు వంకర పోయింది. కొండలెక్కి గొర్రెల వెంట తిరగలేనని అమ్మ నన్ను పొయ్యి దగ్గర నిలబెట్టింది. అప్పటినుంచి ఇక్కడే నిలబడ్డాను. అమ్మ పోయాక కూడా. ఈ లోయలో నా కంటే బాగా పుడ్డింగ్ చేసే ఆడమనిషి ఉంటే రమ్మనండి.

అన్నయ్య ఎవరితో టీ తాగితే నాకేం.

మార్చి 5, గురువారం

ఈసారి పుస్తకం లేకుండానే వచ్చాడు. అంటే సాకు అక్కర్లేకపోయిందన్న మాట.

మార్చి 6, శుక్రవారం

పొద్దున దొడ్లో గొర్రె గిట్టలు చెక్కుతూ, నావైపు తిరక్కుండానే, ఇరవై రెండో తారీఖు ఆదివారం ఫ్రీడా భోజనానికి వస్తుందని చెప్పాడు. సరే అన్నాను. ఏం వండమంటావని అడిగాను. ఎప్పుడూ చేసేదే చెయ్యమన్నాడు.

మా మాటలు అంతే.

మార్చి 8, ఆదివారం

పుడ్డింగ్ పొంగలేదు.

పిండి కొత్త బస్తాలోది. అందుకే.

మార్చి 11, బుధవారం

బస్తా తప్పు కాదు. పాత పిండి కాస్త మిగిలి ఉంటే దానితో చేసి చూశాను. అదే పిండి, అవే గుడ్లు, పాలు, చిటికెడు ఉప్పు. మీగడంత చిక్కగా గిలకొట్టి, కాసేపు చల్లటి చోట ఉంచి, ట్రేలో గొడ్డు కొవ్వు పొగలు కక్కేదాకా కాచి, అందులో పోశాను. చుయ్యిమంది కూడా. తర్వాత తీసి చూస్తే చెప్పు అట్టలా ఉంది. నెల్‌కి వేశాను. మొదటి ముక్క తింది. రెండోది వాసన చూసి పొయ్యి వెనక్కి వెళ్లి పడుకుంది. కుక్క కూడా.

బొగ్గు తడిగా ఉంది ఈ మధ్య. పొయ్యికి సరిగ్గా వేడి అందడం లేదు.

మార్చి 13, శుక్రవారం

హానా మళ్లీ వచ్చింది, గుడ్లకని. అన్నయ్య ఊళ్లో చాపెల్ పక్కనున్న చిన్న ఇల్లు అద్దెకిస్తారా అని అడిగాడట. కింద ఒక గది, పైన ఒక గది. చెబుతూ నా కాలి వంక చూసింది. ఆవిడ ఏమనుకుంటోందో నాకు తెలుసు, నేనేమనుకున్నానో ఆవిడకీ తెలిసే ఉంటుంది. ఈసారి ఎగతాళి చెయ్యలేదు. అదే ఎక్కువ గుచ్చుకుంది.

మార్చి 14, శనివారం

ఒంటి మనిషికి చిన్న ఇల్లయితే ఊడ్చుకోవడం తేలిక. కాలికి కూడా మంచిదే. చాపెల్ పక్కనే కాబట్టి ఆదివారం ప్రార్థనకు నడిచే బాధ కూడా తప్పుతుంది.

మార్చి 15, ఆదివారం

మళ్లీ చదునుగానే వచ్చింది. మధ్యలో కాస్త లేచి, నేను చూస్తుండగానే కూలబడింది. అన్నయ్య గ్రేవీ పోసుకుని అంతా తిన్నాడు. తిని, "ఫర్వాలేదులే" అన్నాడు.

ఈ ఇంట్లో నా పుడ్డింగ్‌ని ఫర్వాలేదు అనడం ఇదే మొదలు.

మధ్యలో ఓవెన్ తలుపు తీశాను. ఒక్కసారే. చూడకపోతే ఎలా ఉందో ఎలా తెలుస్తుంది?

మార్చి 17, మంగళవారం

రెండుసార్లు.

సరే, ఇంకా ఎక్కువే. ఇంతకుముందు ఎప్పుడూ తీసేవాణ్ని కాదు. తియ్యకూడదని చిన్నపిల్లలకు కూడా తెలుసు, చల్లగాలి తగిలితే కూలిపోతుంది. తెలిసీ చెయ్యి ఆగడం లేదు. కుర్చీలో కూర్చుంటాను, లేస్తాను, తీస్తాను. కాస్త పొంగితే ఇంకా పొంగుతుందా లేదా అని, పొంగకపోతే పొంగుతుందేమోనని.

మార్చి 19, గురువారం

వ్యాన్ వచ్చే రోజు. వాన. అన్నయ్య కొత్త టోపీ పెట్టుకుని వెళ్లాడు. ఇల్లు గురించి ఒక్క మాట లేదు. నేనూ అడగలేదు. ఆ మాట తన నోటే రానీ.

మార్చి 21, శనివారం

మాంసం వచ్చింది. మంచి ముక్క, కొవ్వు అంచు దళసరిగా ఉంది. గ్రేవీకి ఉల్లిపాయలు తరిగి పెట్టాను. గడప కడిగాను. పొయ్యి వెనక మసి అంతా దులిపాను. రేపు పుడ్డింగ్ బాగా రావాలి. ఆవిడ కోసం కాదు. ఈ ఇంట్లో ఏ లోటూ లేదని ఆవిడకు తెలియాలి, అంతే. ఒక కొత్త మనిషి వచ్చి తీర్చాల్సిన అవసరమేదీ ఇక్కడ లేదని.

అమ్మ గది తలుపు మూసే ఉంచాను. అదెవరూ అడగరు.

మార్చి 22, ఆదివారం

జరిగింది జరిగినట్టు రాసుకోవాలి. రేపటికి నేనే నమ్మను.

అన్నయ్య లాండ్ రోవర్లో వెళ్లి ఆవిడను తీసుకొచ్చాడు. పొట్టి మనిషి. మగవాళ్లు వేసుకునే బూట్లు. చేతులు మాత్రం గట్టివి, స్టీరింగ్ తిప్పిన చేతులు. వస్తూనే మీ వంటిల్లు వెచ్చగా ఉందని చెప్పి, పొయ్యి ముందున్న పొట్టి స్టూలు మీద కూర్చుని, బూట్లు విప్పి, సాక్సులతో కాళ్లు చాపుకుంది. సరిగ్గా ఓవెన్ తలుపుకు అడ్డంగా. నన్ను చూసి, "మీరే ఎడ్విన్ గారన్న మాట. మీ గురించి వినీ వినీ ఆకలేస్తోంది" అంది.

నేను కాస్త జరగమని సైగ చేసి, మాంసం బయటపెట్టి, కాగుతున్న కొవ్వులో పిండి పోసి, ట్రే లోపలికి తోసి, తలుపు వేశాను. ఆవిడ మళ్లీ స్టూలు ముందుకు లాక్కుంది.

అంతలో అన్నయ్య కిటికీలోంచి చూసి టోపీ అందుకున్నాడు. పై పొలంలో ఒక చూలు గొర్రె వెల్లకిలా పడిపోయి, కాళ్లు గాల్లో ఆడిస్తోంది. కడుపు బరువుకి అలా పడితే తనంతట తను లేవలేదు, కాసేపట్లో ప్రాణం పోతుంది. ఒక్క ఉదుటున పరిగెత్తాడు. నెల్ వెనకాలే.

మేమిద్దరం మిగిలాం.

ఓవెన్ తలుపు తియ్యాలంటే ఆవిడను లేవమనాలి. మొదటిసారి ఇంటికొచ్చిన మనిషిని వచ్చిన కాసేపట్లోనే రెండుసార్లు లేపడం బాగుండదు. కుర్చీ అంచున కూర్చుని చేతులు ఒళ్లో పెట్టుకున్నాను. చేతులు ఊరుకోవడం లేదు. ఆవిడ దారి గురించి, వాన గురించి ఏదో చెబుతోంది. ఊ కొట్టాను. ఆపైన ఆవిడే, చాపెల్ పక్కిల్లు ఖాయమైనట్టేనని, మే నెలలో ఖాళీ చేసి ఇస్తామన్నారని చెప్పింది.

నేను ఓవెన్ వైపే చూస్తూ, "తెలుసు. మేలోనే మారాలా, గొర్రెల ఈతలన్నీ అయ్యాక మారమంటారా? ఎప్పుడైనా సరే" అన్నాను.

ఆవిడ నా వైపు పూర్తిగా తిరిగింది.

"మీరెందుకు మారడం? మారేది మేమిద్దరం."

నాకేమీ అర్థం కాలేదు. ఆవిడ నెమ్మదిగా చెప్పుకొచ్చింది. పెళ్లి మాట వచ్చిన రోజే అన్నయ్య చెప్పేశాడట. ఆ ఇల్లు ఎడ్విన్‌ది, ఆ పొయ్యి ఎడ్విన్‌ది, అందులో ఇంకో మనిషిని తెచ్చిపెట్టి వాడికి చోటు లేకుండా చెయ్యలేనని. అందుకని ఊళ్లో ఇల్లు చూశాడట. రోజూ పొద్దున్నే కొండెక్కి పనికొచ్చి, చీకటిపడే వేళకు దిగిపోతాడట. మంచు కురిసినా, ఈతల కాలంలోనైనా. మోకాళ్లు అరిగిపోయిన మనిషి.

నాకు కోపం వచ్చింది. ఎవరి మీదో తెలియలేదు. అన్నయ్య ఈ మాట నాతో ఎందుకనలేదని అడిగాను.

"మీరడిగారా?" అంది ఆవిడ. దెప్పినట్టు కాదు, నిజంగా తెలుసుకుందామన్నట్టే.

అడగలేదు. ఎన్ని రోజులు అడగలేదో, ఎన్ని పూటలు ఎదురెదురుగా కూర్చుని తిన్నామో తల్చుకుంటే సిగ్గేసింది. నన్ను గెంటేస్తాడని నేను లోపల్లోపల ఏడుస్తుంటే, నా కోసం తను ఇల్లు వదిలే పనిలో ఉన్నాడు. ఇద్దరం గొర్రెల గురించి మాట్లాడుకున్నాం.

ఏదో ఒకటి అనాలి కాబట్టి, ఆ ఇంట్లో ఓవెన్ ఎలాంటిదని అడిగాను. గ్యాస్ పొయ్యి ఒకటుందని, దానితో తనకు పెద్దగా పని పడదని ఆవిడ చెప్పింది. మిల్లు క్యాంటీన్లోనే పెరిగిందట, వంట అంటే ఏమిటో నేర్చుకోలేదు. రొట్టె, చీజ్ ఉంటే చాలట. ఉడకబెట్టిన గుడ్డు కూడా తనకు సరిగ్గా కుదరదట. ఈ సంగతి రూబెన్‌కు చెప్పాను, తను కాస్త దిగులుపడ్డాడు కానీ మాట మార్చలేదు, అని నవ్వింది.

ఆదివారం మధ్యాహ్నం మా అన్నయ్య రొట్టె ముక్క, చీజ్ ముక్క ముందు పెట్టుకుని కూర్చోవడం నా కళ్ల ముందు కనిపించింది. నవ్వొచ్చింది. నవ్వుతుంటే కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆవిడ చూసీ చూడనట్టు పొయ్యి వైపు తిరిగి, "ఇదేమిటండీ, ఇంత కమ్మటి వాసన" అంది.

అప్పుడు గుర్తొచ్చింది. పుడ్డింగ్.

ఆవిడ స్టూలు లాక్కుని పక్కకు తప్పుకుంది. ఒక్కసారి కూడా తలుపు తియ్యలేదు. మాడిపోయిందనే అనుకున్నాను. గుడ్డ పట్టుకుని తీశాను.

ట్రేలో పట్టడం లేదు. నాలుగు మూలలా కొండల్లా లేచి, ఓవెన్ పైకప్పును తాకుతోంది. అంచులు చెక్క రంగులో కరకరలాడుతున్నాయి. నడుమ లోతుగా, మెత్తగా, పచ్చటి బంగారంలా ఉంది. బయటికి తీస్తే చిటపటమంటోంది. నా జన్మలో అంత ఎత్తున లేవలేదు. అమ్మకు కూడా లేవలేదు. ఈ మాట రాసినందుకు అమ్మ ఏమీ అనుకోదు.

ఫ్రీడా నోటి మీద చెయ్యి పెట్టుకుంది.

సరిగ్గా అప్పుడే అన్నయ్య వచ్చాడు, మోకాళ్లదాకా బురద. గొర్రె లేచి నడిచిందట. బల్ల మీద ట్రే చూసి, టోపీ తీసి, గుమ్మంలోనే నిలబడిపోయాడు.

చదరాలుగా కోసి, వేడి గ్రేవీ పోసి, ముగ్గురికీ పెట్టాను. ఫ్రీడా చెంచా పట్టుకుని, మాంసం ఎప్పుడొస్తుందని అడిగింది. మాంసం తర్వాత, ముందు పుడ్డింగ్ తినాలని ఇద్దరం ఒకేసారి చెప్పాం. వాళ్లవైపు అన్నీ ఒకే పళ్ళెంలో వడ్డిస్తారట. అన్నయ్య, నేను ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. ఎన్నాళ్లకో ఇద్దరం కలిసి నవ్వాం. పోనీలెమ్మని, ఆవిడకు ఒక ముక్క మాంసంలోకి దాచిపెట్టుకునే హక్కు ఇచ్చాం.

రెండో ముక్క వడ్డిస్తూ చెప్పాను. కూర్చుని చెప్పేంత ధైర్యం లేదు, చేతిలో చట్టువం ఉంటేనే నాకు మాట వస్తుంది.

"అన్నయ్యా, ఆ చాపెల్ పక్కిల్లు వద్దని చెప్పెయ్. అమ్మ గది ఖాళీగానే ఉంది కదా."

ఫోర్కు కింద పెట్టాడు.

"అమ్మ గదా?"

"కిటికీ బిగుసుకుపోయింది. కాస్త చెక్క చెక్కితే తెరుచుకుంటుంది."

"నేనే చెక్కుతాలేరా" అన్నాడు. ఆ మాట అంటూనే జేబులో చాకు ఉందో లేదో చూసుకున్నాడు.

ఫ్రీడా మాత్రం ఒక షరతు పెట్టింది. వ్యాన్ ఉద్యోగం మానదట, వంటింట్లో ఏ పనీ తనకు చెప్పకూడదట. ఏ పెళ్లి బేరంలోనూ ఇంత మంచి షరతు విని ఉండను. వెంటనే ఒప్పుకున్నాను. ఎక్కడ మనసు మార్చుకుంటుందోనని మాంసం ముక్క ఇంకొంచెం పెద్దది కోశాను.

మార్చి 23, సోమవారం

నిన్న వెళ్లేటప్పుడు మిగిలిన పుడ్డింగ్ మీద జామ్ రాసుకుని, లాండ్ రోవర్లో తింటూ వెళ్లింది. తోడికోడలు బాగానే ఉంది.

మార్చి 25, బుధవారం

అమ్మ గది తలుపు తీశాను. సాలెగూళ్లు. పరుపు ఎండకు వేశాను, ఎండ అంటే మాటవరసకే. కిటికీ తెరుచుకుంది.

ఏప్రిల్ 19, ఆదివారం

ఈతలు. రాసే తీరిక లేదు. కవల పిల్లలు ఎక్కువ. పుడ్డింగ్ పొంగింది.

మే 17, ఆదివారం

పెళ్లి భోజనం గురించి హానా కల్వర్ట్‌తో గొడవ. చాపెల్ హాల్లో పెళ్లంటే ఎప్పుడూ చల్లటి హామ్, ఊరగాయలు, కేకు. నేను పుడ్డింగ్ పెడతానన్నాను, వేడి వేడిగా, గ్రేవీతో. అంతమందికి ఎలా పెడతావు, హాల్లో ఉన్నది ఒక్క ఓవెన్, అదీ బొమ్మరిల్లు ఓవెన్ అంది. నా మాట కూడా అదే, అందుకే నీ ఓవెన్ కావాలన్నాను. ఆవిడకు వెంటనే మాట రాకపోవడం చూశాను. ఆ ముచ్చట కూడా తీరింది.

జూన్ 6, శనివారం

పెళ్లి అయిపోయింది.

వీధిలో చాపెల్‌నుంచి వంతెనదాకా ప్రతి ఇంటి ఓవెన్ పొద్దున్నుంచీ రగులుతోంది. వారం ముందే ఇంటింటికీ తిరిగి ట్రేలు పంచాను. తన పొలం దూరమని ఊళ్లో చెల్లెలింటి ఓవెన్ దగ్గరికి వచ్చిన హానా కూడా ఒక ట్రే తీసుకుంది. ప్రార్థన చివరి పాట మొదలుకాగానే నేను వెనక తలుపులోంచి జారుకున్నాను. అందరూ కొవ్వు కాచి ఉంచారు. జగ్గులతో పిండి పట్టుకుని ఇంటింటికీ కుంటుకుంటూ పోయి పోశాను. ప్రతి ఇంట్లోనూ ఒకటే మాట చెప్పాను, మీ ప్రాణం మీదికొచ్చినా తలుపు తియ్యొద్దని. చిన్నప్పటినుంచీ తెలిసిన వాళ్లు, నేను గట్టిగా మాట్లాడటం ఎప్పుడూ వినని వాళ్లు, బడిపిల్లల్లా తలూపారు.

తర్వాత హాలు గుమ్మంలో నిలబడి చూశాను. వీధి ఈ చివర్నుంచి ఆ చివరిదాకా తలుపులు తెరుచుకున్నాయి. ఒక్కో ఇంట్లోంచి ఒక్కో మనిషి, గుడ్డలతో ట్రే పట్టుకుని, గాలి తగలకుండా ఒళ్లు అడ్డం పెట్టి, పరుగులాంటి నడకతో వస్తున్నారు. అన్నీ పొంగాయి. ఒక్కటి కూడా కూలలేదు. అందరి వెనకా హానా, తన ట్రే అందరికంటే ఎత్తుగా పట్టుకుని, రాణీగారి కిరీటం మోస్తున్నట్టు వచ్చింది. నా ముందు ఆగి, పిండి ఎంతసేపు నాననిస్తావని అడిగింది. చెప్పాను.

హాలంతా లేచి నిలబడింది. పెళ్లికూతురు లోపలికి వచ్చినప్పుడు కూడా అంతమంది లేవలేదు. ఫ్రీడా దీన్ని తప్పుపట్టలేదు, తనే ముందు లేచింది. బస్సులో వచ్చిన లాంకషైర్ చుట్టాలు పుడ్డింగ్‌ను మాంసంతో కలిపి తినాలని పట్టుబట్టారు. మావాళ్లు కుదరదన్నారు. కాసేపు పెద్ద వాదులాట. ఆఖరికి ఎవరి పద్ధతిలో వాళ్లు తిని, రెండోసారి అవతలివాళ్ల పద్ధతిలోనూ తిన్నారు. వాళ్ల పెద్దత్త ఒకావిడ ఇది చేసిన వంటమనిషిని పిలవమంది. ఫ్రీడా నా చెయ్యి పట్టుకుని అందరి ముందుకూ తీసుకెళ్లింది.

"వంటమనిషి కాదత్తా. మా మరిది."

అన్నయ్య ప్రసంగం చెయ్యాలి. లేచాడు. కాగితం చూశాడు. జేబులో పెట్టుకున్నాడు. అందరినీ తినమని చెప్పి కూర్చున్నాడు. ఇంతకంటే మంచి ప్రసంగం ఆ హాల్లో ఎవరూ వినలేదట.

సాయంత్రం ఎండ ఉండగానే ముగ్గురం లాండ్ రోవర్లో కొండెక్కి ఇంటికొచ్చాం. వెనక ఖాళీ ట్రేలు గలగలమంటున్నాయి. పెళ్లి బట్టలు మార్చుకోకుండానే ఫ్రీడా వంటింట్లో కూర్చుని బూట్లు విప్పి, అందరికీ నవ్వుతూ మొహం చూపిస్తూ తిరగడంతో తను సరిగ్గా తిననే లేదని చెప్పింది. అన్నయ్యా అంతే. నేనైతే ముక్క నోట్లో వేసుకోలేదు. ట్రేలన్నీ ఖాళీ అయిపోయాయి, గీకితే గోరంత కూడా లేదు.

జగ్గు అడుగున పిండి కాస్త మిగిలింది. పొయ్యి రాజేశాను. చిన్న ట్రేలో పోశాను. ముగ్గురం బల్ల చుట్టూ కూర్చుని, పెళ్లిలో ఎవరేం చేశారో చెప్పుకుంటూ నవ్వుకుంటుంటే అది దానంతట అదే అయిపోయింది.

కోసి మొదటి ముక్క అన్నయ్యకు వెయ్యబోయాను. ఫ్రీడా నా చేతిలోంచి చట్టువం తీసుకుంది. నా కుర్చీ వెనక్కి లాగి, కూర్చోమంది.

మొదటి ముక్క నాకు పెట్టింది. వేడిగా ఉంది. తిన్నాను. నిజంగానే చాలా బాగుంది.